అకారాది కూర్చిన దొర

కొత్త పుస్తకం చేతికొస్తే నేను వెనకనుంచి తెరుస్తాను. పద్యాల అకారాది ఉందా, పదసూచిక ఉందా, పేర్ల పట్టిక ఉందా అని చూసుకుంటాను. ఉంటే, అది కూర్చిన మనిషెవరో తెలియకపోయినా ఒక దండం పెడతాను. మార్కాపురం పలక మీద అ ఆలు దిద్దిన తరం మాది. ఆ పలక మీద నేర్చిన అక్షరాల వరస ఒక్కటి చాలు, చెల్లాచెదురైన సాహిత్యాన్ని ఒక చోటికి చేర్చవచ్చని నాకు చూపించినవాడు ఛార్లెస్ ఫిలిప్ బ్రౌన్. లోకం ఆయన్ను నిఘంటుకారుడంటుంది, వేమనను వెలికి తెచ్చిన దొర అంటుంది. నా లెక్కలో ఆయన మొదట గ్రంథాలు కాపాడినవాడు, పట్టికలు కూర్చిన పనివాడు. మిగతా కీర్తి అంతా ఆ పనిలోంచి వచ్చిందే.

పుట్టింది కలకత్తాలో, 1798లో. 1817లో కుంపిణీ ఉద్యోగానికి మద్రాసు చేరి వెలగపూడి కోదండరామ పంతులు దగ్గర తెలుగు మొదలుపెట్టాడు. 1820లో కడప, తర్వాత మచిలీపట్నం, రాజమండ్రి, మళ్ళీ కడప. ఉద్యోగపు సంగతులు ఇంతకంటే నాకు అక్కర్లేదు.

కడప అనగానే మార్కాపురం వైపువాళ్ళం మనకేం సంబంధం అనకండి. 1858లో కర్నూలు జిల్లాలో కలిపేదాకా కంభం, మార్కాపురం కడప జిల్లాలోవే. 1970లో ఒంగోలు కేంద్రంగా కొత్త జిల్లా కట్టినప్పుడు మనం అందులోకి వచ్చాం. బ్రౌన్ మన జిల్లా దొర అని గిద్దలూరు బస్టాండులో నిలబడి చెప్పడానికి నాకేం మొహమాటం లేదు.

కడపలో బంగళా కొని, సొంత డబ్బుతో పండితుల్నీ లేఖకుల్నీ పెట్టుకున్నాడు. ఆ చోటికి బ్రౌన్ కాలేజీ అనే పేరొచ్చింది. అయోధ్యాపురం కృష్ణారెడ్డి అక్కడి పని నడిపించాడు. ఒకే కావ్యానికి దొరికినన్ని తాటాకు ప్రతులు తెప్పించడం, కాగితం మీదికి ఎక్కించడం, ఒక ప్రతితో ఇంకో ప్రతిని పోల్చి తేడాలు రాసిపెట్టడం, పండితులు కూర్చుని శుద్ధప్రతి తేల్చడం. చెప్పడానికి నాలుగు ముక్కలు. చేసి చూడండి! తాటాకు మీద మాటకూ మాటకూ నడుమ ఎడం ఉండదు. ఒక పద్యం ఎక్కడ ముగిసి ఇంకోటి ఎక్కడ మొదలైందో కన్నే వెతుక్కోవాలి. గంటం గీసిన గీతలో మసి నిలవకపోతే అక్షరం ఉండీ కనిపించదు.

ఇక్కడే ఛందస్సు చేతికర్ర అవుతుంది. 1827లోనే తెలుగు, సంస్కృత ఛందస్సుల మీద పుస్తకం వేసిన మనిషికి ఆ కర్ర విలువ తెలుసు. ఆటవెలదిలో ప్రతి పాదంలోనూ నాలుగో గణం మొదటి అక్షరం ఆ పాదం మొదటి అక్షరంతో మైత్రి కుదరాలి. కుదరలేదా, ప్రాసయతి కూడా పడలేదా, లేఖకుడి చెయ్యి జారిందేమో చూసుకోవాలి. కందంలో రెండో అక్షరం నాలుగు పాదాల్లోనూ కలవాలి. మూడు పాదాల్లో ‘ల్ల’ ఉండి నాలుగోచోట పురుగు తిన్న చిల్లు ఉంటే, ఆ చిల్లులో ఏ హల్లు కూర్చుని ఉండేదో లెక్కకట్టి చెప్పవచ్చు. ఎంత అందమైన పని! పద్యం తన గాయాన్ని తనే చూపిస్తుంది.

వేమన దగ్గర మాత్రం ఈ కర్ర ఒక్కటీ చాలదు. కావ్యానికి కథ ఉంది, ఆశ్వాసాలున్నాయి, ముందువెనకలు తెలుస్తాయి. వేమనది ఏ పద్యానికి ఆ పద్యమే. ఒక్కో కట్టలో ఒక్కో వరస. మకుటం చూద్దామంటే దాదాపు అన్నిటికీ ఒకటే. ఆ కుప్పలో ఏది రెండోసారి వచ్చిందో తేలాలంటే మొదటి అక్షరం పట్టుకుని వరస పెట్టడం తప్ప దారి లేదు. వరస పెట్టగానే, నాలుగు ఊళ్ళ నుంచి నాలుగు కట్టల్లో వచ్చిన ఒకే పద్యం పక్కపక్కన వచ్చి కూర్చుంటుంది. తేడాలు కళ్ళ ముందే బయటపడతాయి. 1829లో బ్రౌన్ అచ్చువేసిన వేమనలో 693 పద్యాలు. 1839 నాటికి అవి 1164. ఆ పదేళ్ళ ఓపిక తల్చుకుంటే నాకు ఇప్పటికీ ఒళ్ళు పులకరిస్తుంది.

అక్షరాల వరసేగా, అందులో ఏముంది అనేవాళ్ళుంటారు. ఒక లేఖకుడు ‘ఎవరు’ అని రాస్తాడు, ఇంకొకడు ‘యెవరు’ అంటాడు. ‘ఒక’ ఒకచోట, ‘వొక’ ఒకచోట. వరసను గుడ్డిగా నమ్మితే ఒకే పద్యం ఒకచోట ఎకారంలోకి, ఇంకోచోట యకారంలోకి పోయి అన్నదమ్ములు విడిపోతారు. ఆ ‘అన్నదమ్ములు’లో ‘దమ్ములు’ తకారం కింద వెతకాలి. ‘కాలుసేతులు’లో ‘సేతులు’ చకారం కిందిది. ‘కూరగాయలు’లో ‘గాయలు’ కాయలే. సంధిని వెనక్కి విప్పడం తెలియనివాడు తెలుగుకు పదసూచిక కట్టలేడు. సున్నను ఎక్కడ కూర్చోబెట్టాలి, క్షను ఎక్కడికి పంపాలి, ఱను రతో కలపాలా వద్దా, ఇవన్నీ ముందే తేల్చుకుని వెయ్యి కాగితాల దాకా ఆ మాట తప్పకుండా ఉండాలి. సూచికల కోసమే ఒక సంఘం ఇంగ్లండులో పుట్టింది 1877లో. మన దొర కడపలో ఆ పనిలో మునిగింది అంతకు అర్ధశతాబ్దం ముందు!

1830ల మధ్యలో ఇంగ్లండులో ఉన్న రోజుల్లో ఇంకో ఘనకార్యం చేశాడు. లేడెన్ అనే దొర సేకరించిన దక్షిణాది రాతప్రతులు 2106, లండన్‌లో కుంపిణీవారి గ్రంథాలయంలో పట్టించుకునే దిక్కు లేక పడి ఉన్నాయి. వాటిని మద్రాసుకు పంపించే ఏర్పాటు చేయించాడు. మన పుస్తకాలు ఓడలెక్కి పోవడమే తప్ప తిరిగి రావడం తెలియని కాలమది. తర్వాత మద్రాసు ప్రాచ్యలిఖిత గ్రంథాలయంలో కూర్చుని వేటూరి ప్రభాకరశాస్త్రి మరుగునపడ్డ కావ్యాల పద్యాలను ప్రబంధరత్నావళిగా కూర్చారన్నా, ఆ అరలు నింపి పెట్టిన చేతుల్లో బ్రౌన్ చెయ్యీ ఉంది.

బ్రౌన్ కంటే ముందే క్యాంబెల్ దొర నిఘంటువు వచ్చింది కదా అని నాతో వాదించేవాళ్ళున్నారు. 1821లో వచ్చిన మాట నిజం, మామిడి వెంకయ్య ఆంధ్రదీపిక మీద ఆధారపడిన మాటా నిజం. బ్రౌన్ 1852 నిఘంటువు ముందు అది నిలవదు. ఏ మాట ఏ కావ్యంలో ఏ ఆశ్వాసంలో ఉందో చిన్న గుర్తులతో చూపించాడు, అంగట్లో మాట్లాడే మాటనూ పక్కనే కూర్చోబెట్టాడు. పని అంతా పండితులు చేస్తే పేరు దొర కొట్టేశాడనే మాట కూడా వింటుంటాను. జూలూరి అప్పయ్య వ్యాఖ్య రాయకపోతే బ్రౌన్ వేయించిన వసుచరిత్ర అచ్చు అంత నిండుగా వచ్చేది కాదు, ఒప్పుకుంటాను. అప్పయ్య పేరు, కృష్ణారెడ్డి పేరు పెద్దక్షరాల్లో వేయండి. అందుకని దొర పేరు చెరపక్కర్లేదు.

నా కడుపుమంట వేరే ఉంది. ఆమధ్య మార్కాపురంలో ఒక వేమన పుస్తకం కొన్నాను. రంగుల అట్ట, పద్యాలు వెయ్యిపైన అని చాటింపు. ఇంటికొచ్చి కాగితం ముక్కల మీద మొదటి మాటలు రాసి అకారాది పెడితే, ఒకే పద్యం మూడుచోట్ల దొరికింది. యతి లేని పద్యాలు, నిన్నమొన్నటి మాటలతో అల్లి మకుటం తగిలించిన పద్యాలు కొల్లలు. వెనక సూచిక లేదు. ఎలా ఉంటుంది? సూచిక కట్టి ఉంటే దొంగతనం మొదటి రోజే దొరికిపోయేది. ఇలాంటివాళ్ళు వేమనను రెండోసారి పాతిపెడుతున్నారు. ఫోనులో వెతికితే దొరుకుతుంది కదా అంటారు పిల్లలు. ఫోను ‘యెవరు’ అడిగితే చాలాసార్లు ‘ఎవరు’ ఇవ్వదు నాయనా. అది తప్పును తప్పుగానే వెయ్యిమందికి పంచుతుంది.

మార్కాపురం పలక పోయి ప్లాస్టిక్ పలక వచ్చినప్పుడే ఏడ్చాం. ఇప్పుడు పలక మీది వరస కూడా పోతోంది. నిఘంటువు ఇస్తే మాట వెతకడం రాని డిగ్రీ పిల్లల్ని చూస్తున్నాను. బ్రౌన్ బంగళా ఉన్న చోటే కడపలో జానమద్ది హనుమచ్ఛాస్త్రి పట్టుబట్టి గ్రంథాలయం లేపారు, ఇప్పుడది యోగి వేమన విశ్వవిద్యాలయం చేతిలో ఉంది. ఇటు వేటపాలెంలో 1918 నాటి సారస్వత నికేతనం ఉంది. ఈ రెంటికీ నడుమ మన పడమటి మండలాల్లో తాటాకు చూసి చెప్పగల మనిషి కావాలి, కనీసం ఒక్కడు.

అందుకే అడుగుతున్నాను. కంభం, బేస్తవారిపేట, రాచర్ల, కొమరోలు వైపు పాత ఇళ్ళ అటకల మీద గుడ్డలో చుట్టిన కట్టలుంటే, దసరాకు పసుపు కుంకుమ పెట్టి మళ్ళీ పైకెక్కించకండి. ఏట్లో కలపకండి. దారం తెంపకుండా ఆకులు లెక్కపెట్టండి. ప్రతి ఆకు మొదటి మాటా చదవగలిగినంత చదివి ఒక నోటుబుక్కులో రాయండి, తెలియని అక్షరం దగ్గర చుక్క పెట్టండి. ఆ నోటుబుక్కు పట్టుకుని కడపకైనా వేటపాలేనికైనా ఒకసారి వెళ్ళి రండి.