ఆరు పగళ్ళు, అయిదు రాత్రులు

మాదాపూర్, కొండాపూర్, గచ్చిబౌలి - ఈ చుట్టుపక్కల ఇళ్ళల్లో ఇప్పుడు అందరికంటే ఎక్కువమంది చదివే రచయిత ఎవరని అడిగితే నేను తడుముకోకుండా చెప్పగలను. నవలలు రాసేవాళ్ళు కారు. కవులు అసలే కారు. టూరు కాగితం రాసేవాడు!

అతగాడి పేరు తెలియదు, ఊరు తెలియదు. రచన మాత్రం వాట్సాప్‌లో వచ్చి వాలుతుంది. "ఆరు పగళ్ళు, అయిదు రాత్రులు" అని శీర్షిక. సంక్రాంతి సెలవులు దగ్గరపడితే చాలు, అపార్టుమెంటు లిఫ్టులో ఇద్దరాడవాళ్ళు కలిస్తే దాని మీదే చర్చ. అంత శ్రద్ధగా, చివర చిన్నక్షరాల్లో వున్న షరతులతో సహా మనం మరే రచనైనా చదువుతున్నామా చెప్పండి? అయినా ఏ విమర్శకుడూ దాన్ని పట్టించుకున్న పాపాన పోలేదు. అందుకని ఆ పని నేనే పెట్టుకున్నాను.

మన వూళ్ళో అన్నీ వున్నాయి గాని సముద్రం లేదు. 1998లో సైబర్ టవర్స్ తెరిచిన నాటి నుంచీ ఈ రాళ్ళగుట్టల మధ్య ఎన్ని అద్దాల మేడలు లేచినా, ఆ అద్దాల్లోంచి కనిపించే నీళ్ళు దుర్గం చెరువువే. బాపట్ల దగ్గర సూర్యలంకకి వెళ్ళాలన్నా మూడువందల కిలోమీటర్ల పైమాటే. లేని వస్తువు మీద మోజెక్కువ కదా! గోవా చూసినవాళ్ళకి అండమాన్, అండమాన్ చూసినవాళ్ళకి బాలి, ఫుకెట్. సెలవిచ్చేది కంపెనీ. డబ్బు కట్టేది శ్రీవారు, చాలా ఇళ్ళల్లో ఇప్పుడు శ్రీమతి కూడాను. ఏ టూరో తేల్చవలసింది మాత్రం ఎప్పుడూ ఇల్లాలే. అత్తగారి మోకాళ్ళు, పడవెక్కితే వాంతి చేసుకునే చంటివాడు, పెరుగన్నం లేకపోతే ముద్ద దిగని మావగారు - ఇవన్నీ లెక్క చూసుకోవలసింది ఆవిడే. ప్రయాణం బాగుంటే "అందరం ఎంజాయ్ చేశాం" అంటారు. బాగుండకపోతే "ఇదే బుక్ చెయ్యమన్నది నువ్వే కదా" అంటారు.

సరే. సమీక్షకి తీసుకున్నవి అండమాన్ టూరు కాగితాలు మూడు. మూడూ వేరు వేరు కంపెనీలవి. కొన్నేళ్ళ కిందట మేము చూసివచ్చిన చోటే కాబట్టి కాగితం మీద వున్నదేదో, నేల మీద వున్నదేదో సరిచూడగలను.

శైలి సంగతి ముందు చెప్తాను. మూడు కాగితాలకీ కలిపి నాలుగే విశేషణాలు. ప్రతి బీచీ స్వర్గమే, ప్రతి నీరూ స్ఫటికమే. వూరి పక్కనే వున్న కార్బిన్స్ కోవ్‌కీ, హావ్‌లాక్ దీవిలో అంత అడవి దాటాక తెల్లటి ఇసకతో కనిపించే రాధానగర్ బీచికీ ఒకటే వర్ణన. కొత్త రచయితల కథల్లో నాయికలందరి కళ్ళూ కలువరేకులే అయినట్టు! ఆ దీవి పేరు 2018లో స్వరాజ్ ద్వీప్‌గా మారింది. పోర్ట్ బ్లెయిర్‌ని 2024లో శ్రీ విజయపురం అన్నారు. ఒక కాగితంలో పాత పేరూ కొత్త పేరూ రెండు వేర్వేరు చోట్లయినట్టు రాసేశారు. చదివినవాళ్ళు ఒక వూరు ఎక్కువొచ్చిందని సంతోషించారో ఏమో.

ఇక వాక్యాలు. వాటికి కర్త వుండడు. "విమానాశ్రయంలో దిగుట. హోటలు చేరుట. జైలు సందర్శించుట. రాత్రి బస." దిగేదెవరు, చేరేదెవరు? ఆకలి వేసే మనిషి గాని, కాళ్ళు నొప్పిపుట్టే మనిషి గాని ఈ రచనలో కనపడరు. పడవ కోసం రెండు గంటలు కూర్చోవలసిన చోట ఆడవాళ్ళకి బాత్‌రూమ్ వుందా అన్న ప్రశ్న ఈ రచయితకి పుట్టదు. పుట్టకపోవడమే అతను మగవాడని చెప్పడానికి నాకు దొరికిన ఏకైక ఆధారం.

అంతకంటే పెద్ద లోపం కాలం. "రెండవ రోజు - రాధానగర్ బీచిలో సూర్యాస్తమయం" అని మూడింటిలోనూ వుంది. వినడానికి ఎంత బాగుందో! కాని అండమాన్ మనకి తూర్పున పధ్నాలుగు డిగ్రీల అవతల వుంది, గడియారం మాత్రం మనదే. అంచేత సూర్యుడు అక్కడ మనకంటే సుమారు గంట ముందు దిగిపోతాడు. డిసెంబరులో అయిదింటికే చీకటి పడే సూచనలు కనిపిస్తాయి. మధ్యాహ్నం పడవలో వెళ్ళి, హోటల్లో సామాన్లు పడేసి, పిల్లలకింత తినిపించి, పన్నెండు కిలోమీటర్లు కారులో పోయేసరికి అక్కడ మిగిలేది జనం, చెప్పుల గుర్తులు. పొద్దుటి పడవకి తీసుకెళ్ళే టూరయితేనే ఆ వాక్యానికి అర్థం వుంది. మూడు కాగితాల్లో ఒక్కటే పడవ వేళ రాసింది. నా దృష్టిలో ఆ ఒక్క అంకె మిగతా వర్ణనలన్నిటికంటే మంచి రచన.

మన భాషలో యాత్ర రాయడం ఎవరికీ తెలియదా అంటే, అదీ కాదు. ఏనుగుల వీరాస్వామయ్య అనే ఆయన మద్రాసు సుప్రీంకోర్టులో దుబాసీగా పనిచేస్తూ 1830 మేలో కాశీకి బయలుదేరాడు. మన హైదరాబాదు మీదుగానే వెళ్ళాడు. పదిహేను నెలలు తిరిగి, జగన్నాథం చూసుకుని సముద్రతీరం వెంబడి ఇంటికొచ్చాడు. ఆయన రాసిన కాశీయాత్ర చరిత్ర 1838లో అచ్చయింది. అందులో ఆయన మజిలీకీ మజిలీకీ దూరమెంతో చెప్తాడు, నీళ్ళెలా వుంటాయో చెప్తాడు, బజార్లో ఏం దొరుకుతుందో, బోయీలకి ఏ దారి కష్టమో చెప్తాడు. అక్కడి మనుషులు ఎలా బతుకుతున్నారో కూడా చెప్తాడు. వెనకాల వచ్చేవాళ్ళు ఇబ్బంది పడకూడదన్న తాపత్రయం ప్రతి పేజీలోనూ కనిపిస్తుంది. మా అమ్మాయి తరం ఆ గ్రాంథికం చదవలేకపోవచ్చు. కాని "ఇది మంచి టూరేనా?" అని తేల్చుకోవడానికి ఆయనకంటే మంచి గురువు నాకు కనపడలేదు. దూరం, నీళ్ళు, తిండి, మోసేవాడి కష్టం, అక్కడి మనుషులు. మన కాగితాల్లో ఈ అయిదింటిలో ఎన్ని వున్నాయో మీరే వెతకండి.

గైడు సంగతి వేరే చెప్పాలి. "గైడు సహితం" అని మూడింటిలోనూ లావుపాటి అక్షరాల్లో వుంది. సెల్యులర్ జైలులో మా గుంపుకి దొరికిన గైడు మంచి కుర్రాడే. 1896లో మొదలుపెట్టి 1906కి కట్టారనీ, నడిమి గోపురం నుంచి బండిచక్రం ఆకుల్లా ఏడు వరసలనీ, అందులో ఇప్పుడు మూడే మిగిలాయనీ, దాదాపు ఏడువందల గదులనీ - అన్నీ అప్పజెప్పాడు. ముప్పావుగంటలో ముగించాడు. మేము మొత్తం నలభైమందిమి, అందరమూ హైదరాబాదు నుంచి వచ్చినవాళ్ళమే. అయినా హైదరాబాదన్న మాట అతని నోట రాలేదు.

రావాలా అంటే, రావాలి! 1857 జులై 17న తుర్రెబాజ్ ఖాన్, మౌల్వీ అల్లావుద్దీన్ కలిసి రొహిల్లాల్ని వెంటబెట్టుకుని కోఠీలో బ్రిటిషు రెసిడెన్సీ మీద దాడి చేశారు. ఆ మౌల్వీగారిని పట్టుకుని ద్వీపాంతరం పంపించింది ఈ అండమాన్‌కే. జైలు ఇంకా కట్టని రోజులవి. ఆయన మళ్ళీ హైదరాబాదు ముఖం చూడలేదు, అక్కడే పోయాడు. ఆ రెసిడెన్సీయే తరవాత కోఠీ విమెన్స్ కాలేజీ అయింది. నేను బి.ఏ. చదివింది అక్కడే. ఆ పెద్ద మెట్ల మీద కూచుని మేము వేరుసెనక్కాయలు తిన్నాం, ఒకళ్ళ నోట్సు ఒకళ్ళు కాపీ చేసుకున్నాం. మీలో ఎంతమంది ఆ మెట్లెక్కి వుంటారో!

అల్లూరి సీతారామరాజు అనుచరుడు గాం మల్లుదొర ఈ జైల్లోనే శిక్ష అనుభవించి, బయటికొచ్చి 1952లో విశాఖపట్నం నుంచి లోక్‌సభకి వెళ్ళాడు. 1933 నాటి కాకినాడ బాంబు కేసులో ప్రతివాది భయంకరాచారి గారినీ ఇక్కడికే పంపారు. ఇవన్నీ గైడుకి తెలియాలని నేను అనను. అందరికీ పనికొచ్చేట్టు తయారుచేసిన ఉపన్యాసం అది. అందరికీ కుట్టిన జాకెట్టు ఎవరికీ సరిపోదని మనకి తెలియని సంగతా? అక్కడ తెలుగు మనుషులకి కరువు లేదు. మా కారు నడిపినతను శ్రీకాకుళం జిల్లావాడు. వాళ్ళ తాత చేపలవేటకి వచ్చి నిలబడిపోయాడట. "మేం ఇక్కడోళ్ళమే అమ్మా, సంక్రాంతికి మటుకు మా వూరు గుర్తొస్తది" అన్నాడు. 2004 డిసెంబరు 26న సముద్రం వెనక్కి పోయినప్పుడు తను ఎక్కడ నిలబడి వున్నాడో చూపించాడు. దాని గురించి కాగితంలో ఒక్క ముక్క లేదు. కాబట్టి టూరువాణ్ణి "గైడున్నాడా?" అని అడగడం కాదు, "తెలుగు వచ్చిన మనిషిని ఇస్తారా, ఎంతమందికి ఒకడు?" అని అడగాలి. అత్తగారికి కూడా నాలుగు మాటలు అర్థమవుతాయి.

ఇంతవరకూ చెప్పినవి చిన్న లోపాలు. నవ్వుకుని వూరుకోవచ్చు. అయిదో రోజు దగ్గర మాత్రం నవ్వలేకపోయాను.

"అయిదవ రోజు - బారాటాంగ్. సున్నపురాయి గుహలు, మడ అడవుల్లో పడవ షికారు." తెల్లవారుజామున మూడింటికి లేపుతారు. జిర్కాటాంగ్ అనే చోట కార్లన్నీ వరసగా ఆపి, పోలీసు బండి ముందు పెట్టి, గుంపుగా వదులుతారు. ఎందుకంటే అక్కణ్ణుంచి రోడ్డు జారవాల అడవిలోంచి పోతుంది. ఆ జాతిలో వున్నది కొన్ని వందలమంది. 1998 ప్రాంతం దాకా వాళ్ళు బయటివాళ్ళ దరికి రానేలేదు. వచ్చాక 1999లోనూ, మళ్ళీ 2006లోనూ తట్టు సోకింది. మన పిల్లలకి ఏడాది లోపే టీకా వేయించి మర్చిపోయే జబ్బు అది. పక్క తెగ గ్రేట్ అండమానీలు తెల్లవాళ్ళు వచ్చేనాటికి వేలల్లో వుండేవాళ్ళు, ఇప్పుడు యాభై అరవైమంది. జారవాల అడవిలోంచి పోయే రోడ్డు మూసెయ్యమని సుప్రీంకోర్టు 2002లోనే చెప్పింది. మూయలేదు. ఆ తెగ ఆడపిల్లల చేత తిండి ఆశపెట్టి డాన్సు చేయించిన వీడియో 2012లో బయటపడి దేశమంతా తలవంచుకుంది. 2013లో టూరిస్టులు ఆ దారిన పోకూడదని కోర్టు ఆపింది, రెండు నెలలకే ఆ అడ్డూ తొలగింది.

ఆపకూడదు, ఫొటో తియ్యకూడదు, తినుబండారాలు ఇవ్వకూడదు అని నిబంధనలున్నాయి. టూరు కాగితం ఏం చేసిందంటే, ఆ నిబంధనల పక్కనే "అదృష్టముంటే ఆదివాసులు కనిపించవచ్చు" అని ఒక వాక్యం చేర్చింది. రెండో కాగితంలో అది జింకలకీ మొసళ్ళకీ మధ్యన వుంది. కర్త లేని వాక్యాలు రాసిన ఆ రచయిత మొత్తం రచనలో మనుషుల్ని తలుచుకున్నది ఒకే ఒక్కసారి. తలుచుకున్నదీ ఇలా!

ఈ మాట మా అపార్టుమెంటులో నలుగురం కూచున్నప్పుడు అన్నాను. "మనం ఫొటో తియ్యం, ఏమీ ఇవ్వం, కారులోంచి చూస్తే వాళ్ళకేం పోతుందక్కా?" అంది ఒకమ్మాయి. కొట్టిపారెయ్యవలసిన ప్రశ్న కాదది. చాలామంది మనసులో మాటే. నేను ఆ అమ్మాయిని ఒక్కటే అడిగాను. మన గేటు ముందు నుంచి రోజూ వరసగా కార్లు పోతూ, అద్దాలకి ముఖాలు ఆనించి మన పిల్లలు ఆడుకోవడం చూస్తూంటే మనం ఎన్నాళ్ళు వూరుకుంటాం? మన గేటుకి సెక్యూరిటీ వున్నాడు, రిజిస్టరు వుంది, ఎవరొచ్చినా ఇంటర్‌కమ్‌లో మనల్ని అడిగి గాని లోపలికి వదలరు. ఆ అడవికి ఇంటర్‌కమ్ లేదు. ఇంకొకావిడ మాత్రం "అంత డబ్బు పెట్టి వెళ్ళి గుహలు చూడకుండా రావడమేమిటండీ" అని నాతో చివరిదాకా ఒప్పుకోలేదు. సున్నపురాయి గుహలే కావాలంటే మనకి బొర్రా వుంది, నంద్యాల జిల్లాలో మూడు కిలోమీటర్ల పొడుగున బేలుం వుంది. వాటికోసం ఎవరి ఇంట్లోంచీ దారి తియ్యక్కర్లేదు. బారాటాంగ్ తప్పదంటే, సముద్రం మీదుగా పడవలో తీసుకెళ్తారా అని టూరువాణ్ణి అడగండి. కాదంటే ఆ రోజు కొట్టెయ్యండి.

కొట్టేస్తే ఆ రోజు ఏం చెయ్యాలి? ఇదే ప్రశ్న మా వారు కూడా వేశారు. మేము రాస్ దీవికి వెళ్ళాం. తెల్లదొరల క్లబ్బులు, చర్చి, నీళ్ళ ప్లాంటు అన్నీ 1941లో భూకంపం దెబ్బతిని, మరుసటి ఏడు జపానువాళ్ళొచ్చి, ఆ తరవాత అడవి వచ్చి ఆక్రమించుకున్న చోటది. మర్రివేళ్ళు గోడల్ని పట్టుకుని నిలబెడుతున్నాయి. టూరువాళ్ళు దీన్ని "గంట" అని రాస్తారు. మేము పూట గడిపాం. మధ్యాహ్నం హోటలుకి తిరిగొచ్చి భోంచేసి పడుకున్నాను. పెళ్ళయిన ఇన్నేళ్ళలో మధ్యాహ్నం మూడింటికి, వంటింటి గొడవ లేకుండా, సముద్రం చప్పుడు వింటూ పడుకోవడం నాకదే మొదటిసారి. మూడు కాగితాల్లో ఏ ఒక్కదానిలోనూ "విశ్రాంతి" అన్న మాట లేదు. "ఖాళీ సమయం" అని ఒకదానిలో వుంది, దాని ఎదురుగా బ్రాకెట్లో "షాపింగు" అని వుంది.

మూడింటిలో ఏది నయమంటే, పడవ వేళ రాసినదే నయం. చివరి రోజు పొద్దున దీవి నుంచి పడవలో వచ్చి అదే రోజు విమానం ఎక్కించే కాగితాన్ని మాత్రం పక్కన పడెయ్యండి. సముద్రం కోపంగా వుంటే పడవ రాదు, విమానం ఆగదు.

మొన్న లిఫ్టులో "వాళ్ళకేం పోతుందక్కా" అన్న అమ్మాయే కనిపించింది. అయిదో రోజు తీసెయ్యమని టూరువాడికి ఫోన్ చేసిందట. "తీసేసినా డబ్బు తగ్గదు మేడమ్" అన్నాడట అతను. "తగ్గించమని నేనడిగానా?" అందట. అత్తగారు మాత్రం మొసళ్ళు చూడకుండా వస్తామా అని ఇంకా అలిగే వున్నారట.