తెరకు ముందు పాతికేళ్లు

సురభి కమలాబాయి పేరు ఎక్కడ ఎత్తినా దాని వెంటే ఒక బిరుదు వచ్చేస్తుంది: తొలి తెలుగు టాకీ కథానాయిక. హెచ్.ఎం. రెడ్డి తీసిన ‘భక్త ప్రహ్లాద’లో ఆమె లీలావతి. ఆ సినిమా 1931 సెప్టెంబరు 15న విడుదలైందని దశాబ్దాల పాటు అనుకున్నాం. పాత్రికేయుడు రెంటాల జయదేవ ఆ కాలపు ఆధారాలన్నీ వెతికి, అది 1932 ఫిబ్రవరి 6న బొంబాయి కృష్ణా సినిమా హాల్లో మొదట ఆడిందని తేల్చారు. ఒక సినిమా పుట్టినరోజును సరిదిద్దుకోవడానికి ఇంత శ్రద్ధ పెట్టడం మంచి పనే. కానీ ఆ తెర మీద కనిపించిన మనిషి తన పనిని ఎక్కడ, ఎవరి దగ్గర, ఎన్నేళ్లు నేర్చుకుందన్న ప్రశ్న మీద అందులో పదో వంతు శ్రద్ధ కూడా మనం పెట్టలేదు. 1907లో పుట్టిన కమలాబాయికి ఆ సినిమా నాటికి దాదాపు పాతికేళ్లు. ఆ పాతికేళ్లూ నాటకాల మధ్యే గడిచాయి. ‘తొలి కథానాయిక’ అన్న బిరుదు ఆమె కథను బొంబాయి రైలెక్కిన రోజు నుంచి మొదలుపెడుతుంది. అంతకు ముందున్నదంతా రెండు వాక్యాల పరిచయంగా మిగిలిపోతుంది. ఈ లెక్క తలకిందులుగా ఉందని నా నమ్మకం. సినిమా ఆమెను నటిగా తయారు చేయలేదు. నాటకం తయారు చేసి పెట్టిన నటిని తీసుకుంది.

ఆ తయారీ ఎలాంటిదో కొంచెం నిలబడి చూడాలి. తోలుబొమ్మలాట వృత్తిగా ఉన్న, మరాఠీ మూలాలున్న వనారస వారి కుటుంబం 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో ‘కీచకవధ’ నాటకం ఆడింది. వనారస గోవిందరావు ఆ ఆటను ఒక నాటక సమాజంగా నిలబెట్టాడు. ఆయన సంతానం, బంధువులు దాన్ని అనేక సమాజాలుగా విస్తరించారు. ఆ కాలంలో తెలుగు నాటకంలో ఆడవేషం మగవాడే కట్టేవాడు. ఆ తర్వాతి తరంలో కూడా స్థానం నరసింహారావు సత్యభామగా ఊళ్లకు ఊళ్లను కట్టిపడేశారు, 1956లో పద్మశ్రీ అందుకున్నారు. సురభి వాళ్లు మాత్రం స్త్రీ పాత్రలను తమ ఇంటి ఆడవాళ్ల చేతే వేయించారు. ఇందులో ఆదర్శం పాలు ఎంతైనా, సంచార జీవితపు అవసరం పాలు కూడా పెద్దదేనని నేననుకుంటాను. డేరా ఎక్కడుంటే ఇల్లు అక్కడే. వంట, పిల్లల పెంపకం, దుస్తులు కుట్టుకోవడం, వేషం కట్టడం అన్నీ ఒకే చోట నడిచే కుటుంబంలో ఆడపిల్ల వేదికకు దూరంగా ఉండే వీలే లేదు. కారణం ఏదైనా ఫలితం గొప్పది. దేశంలో టాకీ పుట్టేనాటికి, పద్యం పాడగలిగి, సంభాషణ నడపగలిగి, రాత్రంతా పాత్రను మోయగలిగిన స్త్రీల తరాలు తెలుగువాళ్లకు సిద్ధంగా ఉన్నాయి.

కమలాబాయి తల్లి వెంకుబాయి నిండు గర్భంతో దమయంతి వేషం వేస్తుండగా నొప్పులు వచ్చాయనీ, రంగస్థలం మీదే ఈ బిడ్డ పుట్టిందనీ ఒక కథ చాలాకాలంగా ప్రచారంలో ఉంది. అందరూ ఆ పుట్టుకనే అద్భుతంగా చెప్తారు. నాకు మాత్రం తల్లి మీదే దృష్టి నిలుస్తుంది. నెలలు నిండినా వేషం ఆగని వృత్తి అది. అలాంటి చోట పెరిగే పిల్లకు పాఠం చెప్పే గంటంటూ వేరే ఉండదు. బాలకృష్ణుడు, ప్రహ్లాదుడు, లోహితాస్యుడు: సురభి పిల్లలు ఎక్కే తొలిమెట్లు ఇవి. కమలాబాయి కూడా బాలపాత్రలతోనే మొదలుపెట్టింది. తర్వాత చెలికత్తె, ఆపైన నాయిక, వయసు మళ్లాక తల్లి. ఒకే నాటకాన్ని వేర్వేరు వయసుల్లో వేర్వేరు పాత్రల కళ్లతో చూడటం ఈ పద్ధతిలో ఉన్న గొప్ప బలం. కొడుకు పాత్ర ఎక్కడ ఊపిరి తీసుకుంటుందో తెలిసిన మనిషి తల్లి పాత్ర వేసినప్పుడు, ఎదుటివాడి మాటను వినే తీరే వేరుగా ఉంటుంది. ‘భక్త ప్రహ్లాద’ సినిమాకు ఆధారం ధర్మవరం రామకృష్ణమాచార్యుల నాటకం. అప్పటికే వేదికల మీద బాగా నలిగిన కథ. కెమెరా ముందు నిలబడేసరికి కమలాబాయి ఆ కథకు కొత్త కాదు. కొత్తది కెమెరా ఒక్కటే.

ఇక ఆ తొలి టాకీలు నటుల దగ్గర ఏం అడిగాయో చూస్తే ఈ వాదన మరింత గట్టిపడుతుంది. నేపథ్యగానం అప్పటికి లేదు. మన దేశంలో అది 1935లో, కలకత్తాలో న్యూ థియేటర్స్ వారి సినిమాతో మొదలైంది. 1932లో పాట ఎవరు పాడాలంటే నటించేవాళ్లే పాడాలి, అదీ షాట్ జరుగుతుండగానే. మైకు కనపడకుండా ఎక్కడో దాస్తారు, వాద్యాలవాళ్లు కెమెరాకు అందకుండా పక్కన కూర్చుంటారు. శ్రుతి తప్పినా, మాట తడబడినా మళ్లీ మొదటి నుంచి తీయాలి, ఫిలిం ఖర్చు నిర్మాతది. శ్రుతి జారకుండా పాడుతూ, ముఖంలో భావం చెదరకుండా, అడుగు అనుకున్న చోటే పడేలా నడవడం ఒక్క వారంలో వచ్చే విద్య కాదు. హార్మోనియం పక్కన, మైకు లేకుండా, వెనక వరసదాకా వినపడేలా ఏళ్ల తరబడి పాడినవాళ్లకే అది వస్తుంది. ఆ ఒక్క 1932లోనే కమలాబాయి ‘పాదుకా పట్టాభిషేకం’లో సీతగా, ‘శకుంతల’లో శకుంతలగా కూడా చేసింది. రెండూ సర్వోత్తమ్ బాదామి దర్శకత్వంలో సాగర్ మూవీటోన్ తీసినవి. ఒకే ఏడాదిలో లీలావతి, సీత, శకుంతల. అప్పటికి తెలుగు సినిమాకు సొంత శిక్షణ అంటూ ఏదీ పుట్టలేదు. ఆ మూడు పాత్రలనూ ఆమెలో ముందే నింపిపెట్టింది నాటకమే. ఇది ఆమె ఒక్కతికే పరిమితం కాదు. సొంత నాటక సమాజం నడిపిన దాసరి కోటిరత్నం 1935లో ‘సతీ అనసూయ’తో తెలుగులో తొలి మహిళా నిర్మాత అయింది. అదే ఏడు పసుపులేటి కన్నాంబ ‘హరిశ్చంద్ర’లో చంద్రమతిగా తెరకెక్కింది. ఇద్దరూ వేదిక నుంచి వచ్చినవాళ్లే.

దీనికి సినిమా ప్రేమికులు చెప్పే అభ్యంతరం నాకు తెలుసు, అది తేలిగ్గా కొట్టిపారేయదగ్గదీ కాదు. నాటకం నుంచి వచ్చిన గట్టి గొంతు, పెద్ద చేతి ఊపు, సాగదీసిన పద్యం తెలుగు సినిమాను చాలాకాలం వెనక్కి లాగాయనీ, తెర నటనకు కావలసింది తగ్గించడమేననీ, కాబట్టి వేదికానుభవాన్ని పునాదిగా కాక బరువుగా లెక్కించాలనీ వాళ్లంటారు. 1930ల సినిమాల్లో ఆ బరువు ఉన్న మాట నిజం. కానీ నాటకం నటికి ఇచ్చేది గొంతు పెంచడం ఒక్కటేనా? అలాగైతే 1951లో కె.వి. రెడ్డి ‘పాతాళభైరవి’లో తోటరాముడి తల్లిగా అదే కమలాబాయి ఎలా కుదిరింది? అది మహారాణి పాత్ర కాదు, పురాణ స్త్రీ కాదు. కొడుకు మీద ప్రాణం పెట్టుకున్న మామూలు ఇల్లాలు. వాడిని తిట్టడంలోనూ ముద్దు, ముద్దులోనూ బెంగ. ఎన్.టి. రామారావు సాహసాలూ ఎస్.వి. రంగారావు మాంత్రికుడి ఆర్భాటమూ నిండిన కథలో, ఆ ఇంటి గడపను నమ్మించే బాధ్యత ఆ పాత్రది. గొంతు ఎప్పుడు తగ్గించాలో తెలియని నటి అక్కడ నిలవలేదు. పెంచడం తెలిసినవాళ్లకు తగ్గించడం తెలియదన్న ఊహ నిజం కాదు. మొత్తం పాత్రను రాత్రి పొడవునా తెగకుండా మోసిన అలవాటు ఉన్నవాళ్లకు, ముక్కలు ముక్కలుగా తీసే షూటింగులో ఈ ముక్క కథలో ఎక్కడ పడుతుందో లోపల తెలుస్తూ ఉంటుంది. బి.వి. కారంత్ అంతటి రంగస్థల దర్శకుడు 1990ల్లో సురభి వాళ్లతో కలిసి పనిచేశారంటే, ఆయనకు వాళ్లలో కనిపించింది పాత ఆర్భాటం మాత్రమే కాదు కదా.

రెండో అభ్యంతరం ఆధారాల గురించి. నాటకం ఆడిన రాత్రే అయిపోతుంది, సినిమా మిగులుతుంది, మిగిలినదాన్ని బట్టే కదా విలువ కడతాం అంటారు. కానీ ‘భక్త ప్రహ్లాద’ ప్రింటు కూడా ఈరోజు లేదు. లీలావతి మన ముందు కదిలేదీ లేదు, పాడేదీ లేదు. అంటే కమలాబాయి నాటకాలు ఎంతగా పోయాయో ఆ సినిమా కూడా అంతే పోయింది. అయినా దానికి తేదీ ఉంది, చర్చ ఉంది, గౌరవం ఉంది. కాబట్టి అసలు తేడా మిగలడంలో లేదు, మనం దేన్ని వెతకదలిచామన్నదాంట్లో ఉంది. నేనుండే టాటానగర్ నుంచి హౌరా సుమారు 250 కిలోమీటర్లు. ఆ హౌరాను ఆనుకున్న కలకత్తాలో వినోదినీ దాసి అనే నటి 1880ల్లోనే వేదిక వదిలేసింది. సినిమా అనేదే లేని కాలం అది. అయినా బెంగాలీలు ఆమెను మరవలేదు. 2024 చివరలో స్టార్ థియేటర్‌కు ఆమె పేరు పెట్టారు. ఆమె తన ఆత్మకథ తనే రాసుకుంది, అది వాళ్ల అదృష్టం. ఇంకా దూరం పోతే, నెదర్లాండ్స్‌లో రంగస్థల నటీమణులకు దశాబ్దాలుగా ఇస్తూ వచ్చిన అత్యున్నత బహుమతి పేరు థియో డోర్. 1939లో చనిపోయిన థియో మాన్ బౌమీస్టర్ అనే వేదిక నటి పేరు మీద 1955లో దాన్ని మొదలుపెట్టారు. అక్కడ ఒక నటికి ఆ బహుమతి వచ్చిందంటే, ఆమె తర్వాత ఎన్ని సినిమాలు చేసినా, జీవితచరిత్రలో ఆ మాట ముందు వరసలో ఉంటుంది. మన దగ్గర వేదిక మీది స్త్రీకి గుర్తింపు రావాలంటే సినిమా వచ్చి సాక్ష్యం చెప్పాలి.

మూడో అభ్యంతరమే నన్ను ఎక్కువగా ఆలోచింపజేసింది. సురభి ఆడపిల్లలకు వేరే దారేదీ లేదు కదా, పుట్టిన ఇంటి పని చేశారు, దాన్ని కళాసాధన అని పొగడటం వాళ్ల మీది బలవంతాన్ని కప్పిపుచ్చడం కాదా అని. ఈ ప్రశ్నలో న్యాయం ఉంది. నెలలు నిండిన స్త్రీ వేషం కట్టవలసి రావడం పొగడాల్సిన విషయం కాదు. డేరా జీవితంలో చదువు సాగని పిల్లలు, నాటకం ఆడని రోజు పస్తులు, వీటిని కళ పేరుతో మరుగుపరచకూడదు. కానీ బతుకు తెరువుగా మొదలైనదాంట్లో నైపుణ్యం ఉండదన్న వాదన ఒప్పుకుంటే, నేతగాళ్ల పనికీ నాదస్వర విద్వాంసుల పనికీ కూడా విలువ పోతుంది. బలవంతాన్ని బలవంతం అని చెప్పవచ్చు, నైపుణ్యాన్ని నైపుణ్యం అనీ చెప్పవచ్చు. రెండూ ఒకే జీవితంలో ఉంటాయి. పైగా ఆ స్త్రీల శ్రమను లెక్కలోకి తీసుకోకుండా, వాళ్ల పేర్లు రాసుకోకుండా వదిలేస్తే, ఆ అన్యాయం మన చేతుల మీదుగా రెండోసారి జరుగుతుంది.

ఈ మాటలు టాటానగర్‌లోని బిర్సానగర్ నుంచి రాయడానికి కారణం ఉంది. కమలాబాయి పుట్టిన 1907లోనే ఇక్కడి టాటాల ఉక్కు సంస్థ టిస్కో ఏర్పడింది. ఆ తర్వాత 1945లో టాటాలదే టెల్కో. ఈ రెండింటి వెంట వచ్చిన తెలుగు కుటుంబాల పిల్లలు, మనవలు ఇప్పుడు హిందీలో, ఇంగ్లీషులో చదువుకుంటున్నారు. బిస్టుపూర్‌లో ఆంధ్రభక్త శ్రీరామ మందిరం ఉంది, ఇళ్లలో పండగలున్నాయి. తెలుగు మాట మాత్రం చెవిన పడేది ఎక్కువగా టీవీ నుంచి, ఫోన్ నుంచి, అంటే సినిమా నుంచి. ఇక్కడి పిల్లకు నటన అంటే తెర మీద కనిపించే ముఖమే, పండగ వేదిక మీద ఆమెకు నేర్పేది సినిమా పాటకు అడుగులే. మొదటి రైలు నడిచిన తేదీ గుర్తుంచుకుని, పట్టాలు పోసిన కొలిమిని మరచిపోవడం ఉక్కు ఊళ్లో ఉండేవాళ్లకు తగని పని. 1933లో ‘సావిత్రి’, 1934లో ‘లవకుశ’ సినిమాల కోసం సి. పుల్లయ్య బృందం కలకత్తా ఈస్టిండియా ఫిలిం కంపెనీకి వెళ్లింది. తెలుగు నాటకం సినిమాగా మారిన చోట్లలో ఒకటి మనకు ఒక్క పూట ప్రయాణంలో ఉంది. ఇది ఇక్కడి తెలుగు పిల్లలకు ఎవరూ చెప్పడం లేదు.

సురభిలో మిగిలిన సమాజాలు కొద్దే. హైదరాబాదు శేరిలింగంపల్లిలోని సురభి కాలనీలో ఆ కుటుంబాలు ఉన్నాయి. రేకందార్ నాగేశ్వరరావుకు, అంటే అందరూ బాబ్జీ అని పిలిచే ఆయనకు, 2013లో పద్మశ్రీ వచ్చింది. అది న్యాయమైన గౌరవం. ఆయన 2022లో పోయారు. ఆయన తరం స్త్రీలు, వాళ్ల అక్కలు, కోడళ్లు చాలామంది ఇంకా ఉన్నారు. వాళ్లలో ఒక్కొక్కరి దగ్గరా కూర్చుని, ఏ వయసులో ఏ నాటకంలో ఏ పాత్ర వేశారు, ఆ పద్యం ఎవరి నోటి నుంచి నేర్చుకున్నారు, ఆ పాత్రను ఎవరికి అప్పగించి తల్లి పాత్రకు వెళ్లారు అన్నవి రాసి పెట్టే పని ఇంకా చేయదగ్గ దూరంలోనే ఉంది. విశ్వవిద్యాలయాల రంగస్థల శాఖలు దీన్ని ఒక ఏడాది పనిగా పెట్టుకోవచ్చు, మనలాంటి ప్రవాస సంఘాలు పండగ చందాల్లోంచి కొంత ఇవ్వవచ్చు. ఆ పట్టికలో కమలాబాయి పేరు ఎదురుగా మొదట రావలసింది లీలావతి కాదు, చిన్నప్పుడు ఆమె వేసిన బాలపాత్రలు.