పాత తేదీని తీసేయకండి

చార్మినార్ ఎప్పుడు కట్టారని అడిగితే బడిపిల్లలు కూడా 1591 అని చెబుతారు. ఆ కట్టడానికి మొదటి నుంచీ ముడిపడి ఉన్న లెక్క మాత్రం హిజ్రీ 1000. ‘యా హాఫిజ్’ అన్న పిలుపులోని అక్షరాలకు అబ్జద్ పద్ధతిలో విలువ కట్టి కూడితే సరిగ్గా వెయ్యి వస్తుంది. ఇప్పటి క్యాలెండరు ప్రకారం ఆ హిజ్రీ ఏడాది 1591 అక్టోబరు మూడో వారంలో మొదలై 1592 అక్టోబరు తొలి రోజుల్లో ముగిసింది. అంటే అందులో తొమ్మిది నెలలకు పైగా 1592లోనివే. మన లెక్కలో అది ఖర నామ సంవత్సరంలో మొదలై, ఉగాది దాటి నందనలోకి నడిచింది. 1591 తప్పని నేననడం లేదు. ఏడాది పొడవున్న కాలాన్ని ఒక్క అంకెలోకి కుదించాం, కుదించామన్న సంగతిని ఎక్కడా రాసిపెట్టుకోలేదు. నా అభ్యంతరం అక్కడే.

ఒకే సంఘటనకు అనేక లెక్కల్లో తేదీ వేయడం పాతబస్తీ దఫ్తర్లలో ఒకప్పుడు గుమాస్తాల రోజువారీ పని. నిజాం రాజ్యపు లెక్కల కాగితాలు చాలాకాలం రాయరాయన్, మాల్వాలా కుటుంబాల చేతుల్లో వంశపారంపర్యంగా ఉండేవి. 1853లో దివాన్ అయిన మొదటి సాలార్‌జంగ్ వాటిని సర్కారు అజమాయిషీ కిందికి తెచ్చారు. ఆ దఫ్తర్ల వారసత్వమే ఇవాళ తార్నాకలో ఉన్న స్టేట్ ఆర్కైవ్స్. ఆ కాగితాల్లో హిజ్రీ తేదీ ఉంటుంది, మొగలు కాలానివైతే పాదుషా గద్దెనెక్కి ఎన్నో ఏడో ఉంటుంది, శిస్తు సంగతి వస్తే ఫసలీ ఉంటుంది. తెలుగు దస్తావేజుల్లో శాలివాహన శకం, సంవత్సరం పేరు, తిథి కనిపిస్తాయి. ఇది అలంకారం కాదు, అవసరం. చాంద్రమానంలో నడిచే హిజ్రీ ఏడాదికి సుమారు 354 రోజులే, కాబట్టి దాదాపు ముప్పయి మూడేళ్లకు ఒక ఏడాది ముందుకు జరిగిపోతుంది. పంట మాత్రం సూర్యుణ్ణి బట్టి వస్తుంది. పంట చేతికి రాకముందే శిస్తు గడువు ముంచుకురాకుండా ఫసలీ పుట్టింది. దక్కన్‌లో దాన్ని షాజహాన్ కాలంలో, 1636లో మొదలుపెట్టారు.

ఈ కాగితాలను జాబితాకెక్కించేటప్పుడు పాత తేదీని కూడా రాయాలంటే, ఇంత చాదస్తం దేనికి, ఫసలీకి 590 కలిపితే ఇంగ్లీషు సంవత్సరం వచ్చేస్తుంది కదా అంటారు. కలిపి చూద్దాం. హైదరాబాద్ ఫసలీ ఏడాది అజూర్ నెలతో, అక్టోబరు మొదటి వారంలో మొదలయ్యేది. మూసీ వరద వచ్చింది 1908 సెప్టెంబరు 28న, అంటే ఫసలీ 1317 చివరి రోజుల్లో. 1317కు 590 కలిపితే 1907. అఫ్జల్‌గంజ్ మునిగిందని చెప్పే కాగితం వరదకు ఏడాది ముందే జాబితాకెక్కి కూర్చుంటుంది! పది పదిహేను రోజుల తర్వాత రాసిన నష్టం లెక్కల మీద 1318 పడుతుంది, దానికి అదే 590 కలిపితే 1908 వస్తుంది. ఒకే వరద, రెండేళ్లకు చీలిపోయింది. జాగీర్ల రద్దు రెగ్యులేషన్ పేరులోనే ఫసలీ 1358 ఉంది. అది వెలువడింది 1949 ఆగస్టు 15న, కానీ 590 కలిపినవాడికి 1948 వస్తుంది. పోలీసు చర్య జరిగిన ఏడాదికీ జాగీర్లు పోయిన ఏడాదికీ తేడా తెలియని కాగితం భూమి దావాలో ఎవరి పక్షాన సాక్ష్యం చెబుతుంది?

590 బదులు కొన్ని నెలలకు 591 కలపాలని నేర్పితే సరిపోదా అంటే, అదీ చాలదు. ఫసలీ అన్న పేరొక్కటే, లెక్కలు వేరు. ఉత్తరాది ఫసలీకీ దక్కన్ ఫసలీకీ అంకెలోనే రెండేళ్ల ఎడం ఉంది. మద్రాసు రాష్ట్రంలో ఫసలీ జూలై ఒకటిన మొదలయ్యేది. తుంగభద్రకు ఇవతల కర్నూలు మద్రాసు కింద, అవతల అలంపురం నిజాం కింద ఉన్న రోజుల్లో జూలై నుంచి సెప్టెంబరు దాకా ఏరు దాటితే ఫసలీ అంకె మారేది. కాబట్టి కాగితం మీది తేదీని చదవాలంటే అది ఏ ఒడ్డున రాసిందో కూడా తెలియాలి. తేదీ మార్చి ఎక్కించి పాతది వదిలేస్తే, తప్పు దొరికినా దిద్దుకోవడానికి ఆధారం మిగలదు.

బలమైన అభ్యంతరం వేరే ఉంది. కంప్యూటర్లో వెతకాలంటే అందరికీ తెలిసిన ఒకే తేదీ కావాలి, తాతల నాటి భూమి కాగితం కోసం వచ్చిన రైతును అజూర్, దై, బహ్మన్ అని బెదరగొట్టకూడదు. ఇది న్యాయమైన మాట. అందుకే మార్చిన తేదీ వద్దనడం లేదు, దాని పక్కన అసలు తేదీ ఉన్నదున్నట్టు ఉండాలంటున్నాను. మార్చినదాన్ని కూడా ఒక్క అంకెగా కాక ‘ఇప్పటి నుంచి ఇప్పటి దాకా’ అని రాయాలి. తేదీల అంతర్జాతీయ ప్రమాణం ఐఎస్ఓ 8601కు 2019లో చేరిన రెండో భాగం ఇలాంటి సందిగ్ధ తేదీలను రాసే పద్ధతి చూపిస్తోంది. రెండు తేదీలుంటే జనం తికమకపడతారన్న భయమూ అక్కర్లేదు. అక్టోబరు విప్లవం పేరుతో నవంబరు 7న సభలు జరుపుకొనే మనవాళ్లకు అదేమీ కొత్త కాదు. మన భూమి శిస్తు చట్టమైతే ఇప్పటికీ 1317 ఫసలీ చట్టంగానే చలామణిలో ఉంది.

ఈ తొందర ఎందుకంటే, కాగితాలు ఇప్పుడు స్కాన్ అవుతున్నాయి. బొమ్మలో పాత తేదీ ఉంటుంది నిజమే, కానీ వెతికేవాడు జాబితాను దాటి బొమ్మ దాకా వెళ్లాలి కదా. జాబితాలో 1907 అని పడితే 1908 కోసం వచ్చినవాడు ఆ బొమ్మను తెరవనే తెరవడు. పైగా గొలుసుకట్టు షికస్తా రాతను, లెక్కలు రాసిన సియాఖ్ అంకెలను చదివి నెల పేరు పోల్చగలిగినవాళ్లు పాతబస్తీలో తగ్గిపోతున్నారు. స్కానర్ పక్కన ముందు కూర్చోబెట్టాల్సింది వాళ్లను. జాబితాలో అసలు తేదీకి ఒకటి, అది ఏ లెక్కదో చెప్పడానికి ఒకటి, మార్చిన కాలానికి ఒకటి, మార్చినవారి పేరుకు ఒకటి చొప్పున గడులు పెట్టి వాళ్ల చేతే నింపించాలి. ఫార్సీ, ఉర్దూ, చరిత్ర శాఖలున్న ఉస్మానియా ఇదే నగరంలో ఉంది. ఈ పనిని ఒక కోర్సుగా నేర్పడానికి అంతకన్నా తగిన చోటు నాకు కనిపించడం లేదు.