ఒక్క రాత్రిలో రాసిన ప్రకటన

1943 అక్టోబర్ 21న సింగపూర్‌లోని కాథే భవనంలో సుభాష్ చంద్రబోస్ ఆజాద్ హింద్ తాత్కాలిక ప్రభుత్వాన్ని ప్రకటించాడు. దేశాధినేత, ప్రధాని, యుద్ధమంత్రి, విదేశాంగమంత్రి, సర్వసైన్యాధిపతి అన్నీ తనే. ఏలడానికి ఆనాటికి జానెడు నేల లేదు. ఉన్నదల్లా తూర్పు ఆసియా భారతీయుల చందాలు, 1942 ఫిబ్రవరిలో ఫారర్ పార్కులో జపాన్ పరమైన సిపాయిల నుంచీ మలయా తోటల కూలీల నుంచీ కూడగట్టిన సైన్యం, ఒక ప్రకటన. ఆ ప్రకటన పనితనం గురించే ఈ నాలుగు మాటలు.

అది పుట్టిన రాత్రిని బోస్ సహచరుడు ఎస్.ఎ. అయ్యర్ తన జ్ఞాపకాల్లో చెప్పాడు. అర్ధరాత్రి దాటాక బోస్ పెన్సిల్ పట్టుకుని కూర్చున్నాడు. ఒక్కో కాగితం నిండగానే అనుచరులు ఆబిద్ హసన్, స్వామి దాన్ని తెచ్చి టైపు మిషన్ ముందున్న అయ్యర్‌కి అందించారు. పంపేసిన కాగితాన్ని బోస్ మళ్ళీ అడగలేదు. కొట్టివేతలు లేవు. తెల్లవారేసరికి పని ముగిసింది.

కాగితాలు చదివితే ఆ వేగం ఎలా సాధ్యమైందో తెలుస్తుంది. ఏళ్ళ తరబడి మనసులో నలిగిన విషయం అది. ప్రభుత్వ ప్రకటనను ఎవరైనా విజయంతో మొదలుపెడతారు. బోస్ 1757లో బెంగాల్‌లో తగిలిన ఓటమితో మొదలుపెట్టాడు. వెంటనే పేర్లు: సిరాజుద్దౌలా, మోహన్‌లాల్, హైదర్ అలీ, టిప్పు, వేలు తంపి, పీష్వా బాజీరావు, అవధ్ బేగంలు, పంజాబ్ సర్దార్ శ్యాంసింగ్ అటారీవాలా, ఝాన్సీ లక్ష్మీబాయి, తాంతియా తోపే. మేస్త్రీ పునాదికి రాళ్ళు ఏరినట్టు ఏరాడు. బెంగాల్ పక్కన దక్షిణం, మరాఠా పక్కన పంజాబ్, హిందువు పక్కన ముస్లిం, వాళ్ళ పక్కన సిక్కు. వీళ్ళంతా ఎవరికి వారే పోరాడి ఓడారన్నది తర్వాతి మాట. కలిసి నిలవాలన్న వాదన ఆ జాబితాలోనే అయిపోయింది, ఇక విడిగా ఉపదేశం అక్కర్లేదు.

ఆ పేర్లలో మనవాళ్ళ కోసం వెతికాను. 1857లో హైదరాబాద్ రెసిడెన్సీ మీదికి దండెత్తిన తుర్రేబాజ్ ఖాన్ ఆ వరసలో లేడు. ఉండాల్సిందని నా మనసు. అయితే ఆ కాగితాలు మోసిన ఆబిద్ హసన్ మాత్రం హైదరాబాద్ వాడే. జర్మన్ జలాంతర్గామిలో బోస్ వెంట బయల్దేరిన ఒకే ఒక్క భారతీయుడు.

నన్ను బాగా కదిలించింది గాంధీ ప్రస్తావన. 1939లో కాంగ్రెస్ అధ్యక్ష పదవికి బోస్ రాజీనామా చేయాల్సి వచ్చింది గాంధీ పక్షంతో విభేదం వల్లే. ఆ చేదు ఇక్కడ ఒక్క చుక్క కూడా లేదు. జనం దారి తోచక తడుముకుంటున్న 1920లో గాంధీ కొత్త ఆయుధంతో ముందుకొచ్చాడని నిండు గౌరవంతో రాశాడు.

ముగింపుకి ఐర్లండ్ 1916 తిరుగుబాటు ప్రకటన ఛాయ స్పష్టంగా ఉంది. గతించిన తరాల పేరిట పిలుపు, బిడ్డలందరినీ సమానంగా చూస్తామన్న హామీ, ప్రజల తరఫున ధర్మకర్తలుగా పాలిస్తామన్న మాట అక్కడివే. ప్రజల ఇష్టప్రకారం శాశ్వత ప్రభుత్వం ఏర్పడేదాకానే తమ అధికారం అని కూడా రాసుకున్నాడు. అంత అధికారం తన చేతిలో పోగేసుకున్న మనిషి తన గడువు తానే రాసిపెట్టడం చిన్న సంగతి కాదు.

జపాన్ విషయానికొస్తే కలం మరీ జాగ్రత్త పడింది. విదేశాల్లోని వీర మిత్రుల అండ ఉందంటూనే, ముందుగా సొంత బలాన్నే నమ్ముకుంటామన్నాడు. ఆ వాక్యంలో మిత్రుడి పేరు లేదు. బోస్ మీద వివాదమంతా ఆ లేని పేరు చుట్టూనే. ఇదే సింగపూర్‌లో 1942లో జపాన్ సైన్యం చైనీయులను వేలల్లో ఊచకోత కోసింది. మలయా తోటల తమిళ, తెలుగు కూలీలు సయాం–బర్మా రైలు మార్గం పనుల్లో కుప్పకూలారు. పేరుకు ఆజాద్ హింద్‌కి అప్పగించిన అండమాన్‌లో చిత్రహింసలు ఆగలేదు. రాతలో ఎంత నేర్పున్నా వీటిని కప్పలేదు, కప్పకూడదు కూడా. సింగపూర్ చైనీయులకు ఆ ‘మిత్రుడు’ గుర్తుండిపోవడం న్యాయమే.

యుద్ధంలో ఓటమి తప్పలేదు. సింగపూర్‌లో ఎస్ప్లనేడ్ దగ్గర బోస్ 1945 జూలైలో శంకుస్థాపన చేసిన అమరవీరుల స్మారకాన్ని తిరిగొచ్చిన బ్రిటిష్ వాళ్ళు సెప్టెంబర్‌లో పేల్చేశారు. ఆ చోటును గుర్తిస్తూ 1995లో సింగపూర్ ప్రభుత్వం ఫలకం పెట్టింది.

ప్రకటనకు అసలు పరీక్ష ఎర్రకోటలో ఎదురైంది. 1945 నవంబర్‌లో బోస్ సైన్యాధికారులు షా నవాజ్ ఖాన్, ప్రేమ్ సహగల్, గురుబక్ష్ సింగ్ ధిల్లాన్‌లను రాజుపై యుద్ధం చేశారన్న నేరం మీద సైనిక న్యాయస్థానం ముందు నిలబెట్టారు. వీళ్ళు తిరుగుబాటుదార్లు కారు, విధిగా ప్రకటితమై, కొన్ని దేశాల గుర్తింపు పొందిన ప్రభుత్వం తరఫున పోరాడిన సైనికులని ముద్దాయిల తరఫు న్యాయవాది భూలాభాయ్ దేశాయ్ వాదించాడు. ఆ వాదనకు ఆధారం కాథేలో చదివిన కాగితాలే. ముద్దాయి షా నవాజ్ వాటి మీద సంతకం చేసినవాళ్ళలో ఒకడు. న్యాయస్థానం ఒప్పుకోలేదు, యావజ్జీవ ప్రవాస శిక్ష వేసింది. బయట దేశం మాత్రం ఆ వాదనను ఒప్పుకుంది. 1946 జనవరిలో బ్రిటిష్ ఇండియా సైన్యాధిపతి ఆకిన్‌లెక్ శిక్ష రద్దు చేసి ముగ్గురినీ వదిలేశాడు.