మిక్లోష్ రోజా: పల్లెపాట పునాదిగా వెండితెర సంగీతం

హంగేరీ స్వరకర్త మిక్లోష్ రోజా 1907 ఏప్రిల్ 18న బుడాపెస్ట్‌లో పుట్టారు. అయిదో ఏటనే వయొలిన్ పట్టారు. మాత్రా కొండల దిగువన తండ్రికి భూములుండేవి. అక్కడి పల్లెజనం పాటలు వింటూ పెరిగారు. తర్వాత లైప్‌జిగ్‌లో పద్ధతిగా సంగీతం చదివినా, ఆయన బాణీకి పునాది ఆ పల్లెపాటే.

పారిస్‌లో ఉన్న రోజుల్లో కచేరీ రచనలు పేరు తెచ్చాయి గానీ పూట గడవడం కష్టమైంది. సినిమాలకు రాస్తే బతకవచ్చని స్వరకర్త ఆర్థర్ ఒనెగ్గర్ ద్వారా తెలిసింది. లండన్‌లోని హంగేరియన్ నిర్మాత అలెగ్జాండర్ కోర్డా 1937లో ‘నైట్ వితౌట్ ఆర్మర్’తో తొలి అవకాశమిచ్చారు. తర్వాత కోర్డా కోసమే రోజా సంగీతం చేసిన, మైసూరు ప్రాంతపు మావటి కొడుకు సాబు నటించిన ‘థీఫ్ ఆఫ్ బాగ్దాద్’ రెండో ప్రపంచ యుద్ధం వల్ల హాలీవుడ్‌లో పూర్తయింది. ఆ పని మీద వెళ్లిన రోజా అక్కడే ఉండిపోయారు.

ముఖ్య పాత్రలకు తలా ఒక స్వరవాక్యం కట్టి, సన్నివేశాన్ని బట్టి దాన్ని మార్చి పలికించడం అప్పటి హాలీవుడ్ పద్ధతి. రోజా ఆ చట్రాన్ని కాదనలేదు, అందులో నింపిన నాదం వేరు. అయిదు స్వరాల జానపద పోకడలు, పంచమం ఎడంతో జంటగా కదిలే స్వరాలు, మాట మొదటి అక్షరం మీద ఊనిక వేసే హంగేరియన్ పలుకుబడి లాంటి లయ ఆయన సొంతం. కథ రోములో నడిచినా, లాస్ ఏంజెలెస్ చీకటి వీధుల్లో నడిచినా ఈ ముద్ర చెరగదు.

‘డబుల్ ఇండెమ్నిటీ’ (1944) హత్యకథకు ఆయన ఒకదానితో ఒకటి ఒరుసుకునే కర్కశ స్వరాలు వాడారు. స్టూడియో సంగీత విభాగాధిపతికి అది నచ్చలేదు. దర్శకుడు బిల్లీ వైల్డర్ మాత్రం రోజా పక్షాన నిలిచారు. ‘స్పెల్‌బౌండ్’ (1945)లో కథానాయకుడి మనోవ్యథకు థెరెమిన్‌ను ఎంచుకున్నారు. తాకకుండా, గాలిలో చేతులు కదిపి పలికించే విద్యుత్ వాద్యమది. ఆ చిత్రానికే తొలి ఆస్కార్ వచ్చింది. ‘ఎ డబుల్ లైఫ్’ (1947) రెండోది తెచ్చింది.

ఎంజీఎం స్టూడియోలో చేరాక చారిత్రక చిత్రాలు వరుసకట్టాయి. ‘క్వో వాడిస్’ (1951) కోసం ప్రాచీన గ్రీకు గీతాలను, తొలి క్రైస్తవ స్తోత్రాలను వెదికి వాడుకున్నారు. మూడో ఆస్కార్ తెచ్చిన ‘బెన్‌హర్’ (1959) ఆయన పనితనానికి శిఖరం. ఓడలో బానిసలు తెడ్లు వేసే ఘట్టంలో సుత్తి దెబ్బ వేగం పెరిగే కొద్దీ వాద్యబృందమూ అంచెలంచెలుగా ఉరుకుతుంది. అక్కడ దృశ్యాన్ని నడిపేది సంగీతమే. రథాల పందెం సాగుతున్నంతసేపూ మాత్రం సంగీతం లేదు, గిట్టల చప్పుడు, జనం కేకలే. ఎక్కడ ఆగాలో తెలియడమూ విద్వత్తే.

సినిమాల మధ్య వేసవి సెలవులను కచేరీ రచనలకు కేటాయించుకున్నారు. 1982 తర్వాత పక్షవాతం వల్ల సినిమాలు మానుకున్నా కొన్ని చిన్న రచనలు చేశారు. 1995 జులై 27న లాస్ ఏంజెలెస్‌లో కన్నుమూశారు. ఆయన కచేరీ రచనల్లో ఒకటైన, వయొలిన్ విద్వాంసుడు యాషా హైఫెట్జ్ కోసం రాసిన వయొలిన్ కన్చెర్టోను (వాద్యబృందం తోడుగా వయొలిన్ ప్రధానంగా పలికే కృతిని) వైల్డర్ ఇష్టపడి, దాని చుట్టూ 1970 నాటి షెర్లాక్ హోమ్స్ చిత్రానికి సంగీతం చేయించుకున్నారు. సినిమా సంగీతాన్ని చిన్నచూపు చూసేవారు ముందుగా వినవలసింది ఆ కన్చెర్టోనే.