పాఠ్యప్రణాళికకు తీర్పరి ఎవరు?

2001లో యూజీసీ జ్యోతిర్విజ్ఞానాన్ని విశ్వవిద్యాలయాలలో కోర్సుగా ప్రవేశపెట్టదలచినప్పుడు, హైదరాబాదు సీసీఎంబీ వ్యవస్థాపకులు డా. పి.ఎం. భార్గవ మొదలైనవారు ఆంధ్రప్రదేశ్ హైకోర్టును ఆశ్రయించారు. హైకోర్టు పిటిషన్‌ను కొట్టివేసింది. 2004 మే 5న సుప్రీంకోర్టు కూడా అప్పీలును త్రోసిపుచ్చింది. ఏ కోర్సు బోధించాలో నిర్ణయించడానికి న్యాయస్థానాలు నిపుణులు కావనీ, ఈ కోర్సు ఎవరికీ నిర్బంధం కాదనీ తీర్పు సారాంశం.

ఈ తీర్పులో ఒక మేలు, ఒక లోటు ఉన్నాయి. ఏది విద్యో న్యాయమూర్తులే తేల్చాలంటే, రేపు దైవశాస్త్రం కూడా బోనులో నిలబడవలసి వస్తుంది. కనుక కోర్టు పాటించిన సంయమనం మనకూ రక్షణే. అయితే జ్యోతిషం విజ్ఞానశాస్త్రమా అనే ప్రశ్నకు, నిర్బంధం లేదన్న మాట జవాబు కాదు. ఇష్టమున్నవారే చదివినా, పట్టా ఇచ్చేది విశ్వవిద్యాలయమే. నిపుణులకు విడిచిన ప్రశ్నను నిపుణులు బహిరంగంగా పరీక్షించాలి.

మన సెమినరీలకూ ఇదే కొలత వర్తిస్తుంది. కోనసీమలో బాప్తిస్మం పొందిన కుటుంబాలలో సైతం పెండ్లికి ముహూర్తం అడిగేవారున్నారు. వారికి యెషయా 47వ అధ్యాయం చదివి వినిపించి ఊరుకుంటే చాలదు. ఆ ముహూర్తం వెనుకనున్న భయాన్ని, ఖగోళశాస్త్రం చెప్పే సంగతులను కూడా కాపరి ఎరిగి ఉండాలి. ఇందుకు మన పాఠ్యప్రణాళికలో ఎన్ని గంటలు కేటాయించామో అధ్యాపకులు, విద్యార్థులు ఆలోచించాలి.