భంగము - ఫలము: టెర్రేరియా క్రీడయందలి వస్తువిధ్వంసమును గూర్చి

ఒక వస్తువు పగిలినంతనే కథాగతి మారిపోవుట జానపద వాఙ్మయమునందు సుప్రసిద్ధము. మాయల ఫకీరు ప్రాణము చిలుకయందున్నదనియు, ఆ చిలుక చచ్చిననే గాని వాడు చావడనియు బాలనాగమ్మ కథ విన్నవారందరెరుగుదురు. ఇట్టి బహిఃప్రాణ కథాంశమునకు స్టిత్ థాంప్సన్ తన కథాంశసూచికలో ఇ 710 అను సంఖ్య నిచ్చియున్నాడు. అయితే ఆ కథలన్నిటియందును చిలుకను చంపువాడు నాయకుడు. శ్రోత వినువాడు మాత్రమే. చేయి ఒకనిది, చెవి మరియొకనిది. ఈ రెండును ఒక్కనివే అయినచో, అనగా వస్తువును పగులగొట్టువాడును, దాని ఫలమనుభవించువాడును, ఆ కథ వినువాడును ఒక్కడే అయినచో, కథాస్వరూప మెట్లు మారును? ఈ ప్రశ్నకు సమాధానము వెదకుటకు అనువైన క్షేత్రము నేడు వీడియో క్రీడలలో కానవచ్చుచున్నది. అందుచేత మే మీ వ్యాసమున 'టెర్రేరియా' అను క్రీడను పరీక్షింప బూనితిమి.

ఈ క్రీడ 2011 మే 16వ తేదీన వెలువడినది. అమెరికా దేశమునందలి రీ-లాజిక్ సంస్థ దీనిని నిర్మించినది. ఆండ్రూ స్పింక్స్ దీనికి ప్రధాన నిర్మాత. దీనిని 'శాండ్‌బాక్స్' క్రీడ యందురు. పిల్లలు ఇసుకలో గూళ్లు కట్టి కూల్చినట్లు, ఇందు క్రీడాకారుడు నేల త్రవ్వవచ్చును, చెట్లు నరకవచ్చును, ఇండ్లు కట్టవచ్చును. ఆ లోకమునందు పగులగొట్ట వీలులేనిది మిక్కిలి తక్కువ. సర్వమును భంగురమైన లోకమున భంగమునకు విలువ యెట్లు కలుగును? మట్టిగడ్డ పగిలినను, మట్టికుండ పగిలినను లోకమున కేమియు కాదు. కాని కొన్ని విశిష్ట వస్తువులు పగిలినప్పుడు మాత్రము లోకము ఉలికిపడును. ఆ వస్తువులను, వాని ఫలములను మేము నాలుగు విధములుగా విభజించుచున్నాము: చేసిన పిమ్మట హెచ్చరిక కలుగునది, చేయకముందే దండన కలుగునది, ఎరుగక జరుగునది, ఎరిగి చేయునది.

మొదటి విధమునకు 'షాడో ఆర్బ్' అను ఛాయాగోళము ఉదాహరణము. ఈ క్రీడాలోకములయందు 'కరప్షన్' అను కలుషభూమియో, 'క్రిమ్‌సన్' అను రక్తభూమియో తప్పక యుండును. కలుషభూమియందలి లోతైన అగాధముల అడుగున ఈ గోళములు వెలుగుచుండును. వాని చుట్టునున్న శిలను సామాన్యమైన పలుగు త్రవ్వజాలదు. ప్రయాసపడి చేరినవాడు సమ్మెటతో గోళమును పగులగొట్టును. మొదటి గోళము పగిలినప్పుడు వెన్నులో చలి పుట్టినట్లు ఒక వాక్యము తెరపై కనబడును. రెండవది పగిలినప్పుడు చుట్టును ఆర్తనాదములు ప్రతిధ్వనించిన ట్లింకొక వాక్యము వచ్చును. మూడవది పగిలినంతనే 'ఈటర్ ఆఫ్ వరల్డ్స్' అను మహాసర్పాకారమగు లోకభక్షకుడు మేల్కొనును. ఆక్సెల్ ఓల్రిక్ 1909లో ప్రకటించిన జానపద కథనసూత్రములలో త్రిసంఖ్యానియమ మొకటి కలదు. ఆ నియమ మిచట యంత్రమునందును చెక్కు చెదరక నిలిచినదనుట గమనింపదగినది.

అయితే మా దృష్టిలో ఇంతకంటె ముఖ్యమైనది వేరొకటి కలదు. వ్లదీమిర్ ప్రాప్ 1928లో వెలువరించిన కథాస్వరూప శాస్త్రమున నిషేధము రెండవ క్రియ, దాని నుల్లంఘించుట మూడవ క్రియ. నిషేధము ముందు, ఉల్లంఘనము పిదప. ఛాయాగోళ విషయమున నిషేధమే లేదు. గోళమును ముట్టవలదని చెప్పిన ముదుసలి లేదు, శాసనము లేదు. హెచ్చరిక భంగమునకు పిమ్మటనే వచ్చును. కావున మొదటి భంగమున క్రీడాకారుడు నిర్దోషి. రెండవ భంగమున సందిగ్ధుడు. మూడవ భంగమున మాత్రమే కర్త. ఒక్క చేష్ట మూడుమారులు జరుగగా, చేయువాని స్థితి మూడు విధములుగా మారుచున్నది. ఏ వర్ణనయు లేకుండ రెండు చిన్న వాక్యములతో ఈ పరిణామమును సాధించుట నిర్మాతల నేర్పునకు తార్కాణము.

ఫలముల విషయమును చూతము. మొదటి గోళమునుండి తుపాకియు తూటాలును తప్పక లభించును. ఆ తూటాలను చూచి, ఆయుధములమ్ము వర్తకుడు క్రీడాకారుని గ్రామమునకు కాపురము రావచ్చును. గోళభంగము జరిగినది మొదలు రాత్రివేళ ఉల్క పడు అవకాశ మేర్పడును. క్రీడాకారుని ప్రాణశక్తి 200కు చేరినచో గాబ్లిన్ల సైన్యము గ్రామముపై దండెత్తవచ్చును. ఆ సైన్యము నోడించిన పిమ్మట భూగర్భమున బంధితుడై పడియున్న గాబ్లిను శిల్పి యొకడు కనబడును. అతనిని విడిపించినచో ఆయుధములకు మెరుగుపెట్టు మిత్రుడగును. విధ్వంసమునుండి వర్తకుడు, శత్రువు, మిత్రుడు వరుసగా పుట్టుచున్నారు. బీజమునుండి కార్యము వరకు సాగు ఇతివృత్తమును మన లాక్షణికులు వివరించిన విధము ఇచట స్మరణకు వచ్చుట సహజము. భేదమేమన, ఇచట బీజమును నాటుట విత్తుట గాదు, పగులగొట్టుట.

రెండవ విధమునకు దానవ వేదిక ఉదాహరణము. ఇది కలుషభూమియందును భూగర్భమునందును కనబడు బలిపీఠము. దీనియొద్ద కొన్ని వస్తువులు తయారుచేయవచ్చును గాని దీనిని పగులగొట్టరాదు. సామాన్యమగు సమ్మెటతో కొట్టినచో పీఠము చెదరదు. కొట్టినవాని ప్రాణశక్తిలో సగము హరించుకుపోవును. ఇది వాక్కుతో చేసిన నిషేధము గాదు, దెబ్బతో చేసిన నిషేధము. ఛాయాగోళమున లోపించిన ప్రాప్ రెండవ క్రియ ఇచట సంపూర్ణముగా నున్నది. పిమ్మట 'వాల్ ఆఫ్ ఫ్లెష్' అను మాంసకుడ్యము నోడించినవానికి 'పోన్‌హ్యామర్' అను సమ్మెట దొరకును. దానితో కొట్టినచో వేదిక భగ్నమగును. అనగా నిషేధము తొలగలేదు. నిషేధమును మీరు అధికారము మాత్రము లభించినది.

2011 డిసెంబరులో వెలువడిన 1.1 సంస్కరణముతో ఈ వేదికాభంగము క్రీడలో ప్రవేశించినది. వేదిక పగిలినప్పుడు లోకమంతటను క్రొత్త లోహములు భూమిలో పుట్టును: మొదట కోబాల్టు, పిదప మిథ్రిల్, ఆ పిదప అడమంటైటు, మరల మొదటికి వచ్చును. వేదికలు పగిలినకొలది పుట్టు లోహపు పరిమాణము తగ్గిపోవుచుండును. భంగ సమయముననే ప్రేతములు క్రీడాకారుని చుట్టుముట్టును. ఆ కాలపు రూపమున దీనికి మరియొక ఫలము కూడ నుండెడిది: ప్రతి భంగమునకు, భూగర్భమున ఎచ్చటనో తెలియని ఒక శిల కలుషితమగుటకో పావనశిలగా మారుటకో అవకాశము కలదు. లాభము కనబడును, నష్టమెచట జరిగినదో కనబడదు. దురాశకు ఫలము తగ్గుచు ముప్పు తగ్గకుండుట యను ఈ నియమమును ఏ నీతికథయు ఇంత నిశ్శబ్దముగా చెప్పియుండదని మా నమ్మకము. 2014లో ఈ క్రీడయందు చేపల వేట చేరినది. తదనంతర సంస్కరణములలో ఆ వేటయందు దొరకు పెట్టెలనుండియు ఈ లోహములు పొందవచ్చును. ఓర్పుగలవానికి విధ్వంసము లేని మార్గ మొకటి తెరచినందువలన, విధ్వంసము విధి గాక ఎన్నిక యైనది. దానికి బరువు పెరిగినది.

మూడవ విధమును గూర్చి విస్తరింప బనిలేదు. అడవి భూగర్భమునందలి తేనెపట్టులో ఒక పెద్ద పురుగుపిల్ల కలదు. దారితప్పిన బాణము తగిలినను అది చితికి రాణియీగ విరుచుకుపడును. అట్లే ముగ్గురు యంత్రరాక్షసులను జయించిన పిమ్మట అదే అడవిలో గులాబిరంగు మొగ్గలు వెలయును; మొగ్గ తెగిన వెంటనే 'ప్లాంటెరా' అను పుష్పరాక్షసి లేచును. ఎరుగనివానికి ఇవి ప్రమాదములు, ఎరిగినవానికి ఆహ్వానములు. వస్తువొక్కటే, జ్ఞానమే దాని అర్థమును మార్చుచున్నది.

నాలుగవ విధము మిక్కిలి గంభీరము. క్రీడారంభమునుండియు 'గైడు' అను నొక పురుషుడు క్రీడాకారునకు తోడై, ఏ వస్తువుతో నేమి చేయవచ్చునో ఓపికగా బోధించుచుండును. పాతాళమున తిరుగు కొందరు దానవులయొద్ద అతని రూపముగల బొమ్మ యుండును. దానవుని చంపి, ఆ బొమ్మను పాతాళపు అగ్నిద్రవమున పడవేసినచో గైడు మరణించును. మాంసకుడ్యము లేచి వచ్చును. గైడు జీవించియుండనిచో కుడ్యము రాదు. కావున ఇది బలి. ఫకీరు చిలుకకును ఈ బొమ్మకును పోలిక స్పష్టము. కాని అచట బహిఃప్రాణము శత్రువుది, ఇచట ఉపకారిది. అచట చిలుక మరణము కథకు మంగళాంతము, ఇచట బొమ్మ దహనము ఘోరమునకు నాంది. ఆ బొమ్మ వర్ణనలో దానిని దగ్గరనుంచుకొన్నవానిని దుష్టునిగా నిందించు చిన్న వాక్య మొకటి కలదు. క్రీడాకారుని నడతను గూర్చి ఈ క్రీడ ముఖమెదుటనే తీర్పు చెప్పు తావులలో ఇది యొకటి. పైగా దానవుని అగ్నిద్రవముపై చంపినచో బొమ్మ తనంత తానే జారి అందు పడుటయు కలదు. అప్పుడు సంకల్పము లేకయే హత్య జరుగును. ఫలము మాత్రము సమానము.

మాంసకుడ్యము కూలిన పిమ్మట లోకము 'హార్డ్‌మోడ్' అను కఠినావస్థకు మారును. ఆ లోకమున కిక పూర్వావస్థ లేదు. రెండు వాలు చారలుగా ఒకవైపు కలుషమును, ఒకవైపు 'హాలో' అను పావనభూమియు లోకమును చీల్చుకొని పోవును, రెండును వ్యాపించును. ఇచట విమర్శకు డాగవలసియున్నది. కలుషము వ్యాపించుట అనర్థమని ఎవరైన నొప్పుకొందురు. పావనభూమియు నట్లే ప్రాకి సామాన్యమైన అడవిని మ్రింగుచున్నదే! చెడుగు మంచియు పోరాడునప్పుడు ఓడిపోవునది ఏ పక్షమునకును చెందని పచ్చికనేల. కలుషము మితిమీరిన చోట గ్రామస్థులు ఇల్లు విడిచిపోవుదురు. లోకమున నూటికెంత పాలు చెడినదో 'డ్రయడ్' అను వనదేవత అడిగినప్పుడెల్ల లెక్క చెప్పును. ఆమె కోపింపదు, శపింపదు. అంకె చెప్పును. మా దృష్టిలో ఈ క్రీడయందలి ఉత్తమ పాత్రసృష్టి ఆమెయే. శాపము నెదిరింపవచ్చును, అంకె నెదిరింపలేము.

తులనార్థము 'మైన్‌క్రాఫ్ట్' క్రీడను చూతము. అందలి చివరి ఘట్టమున ఎత్తైన స్తంభములపై స్ఫటికములుండి మహానాగమునకు ప్రాణశక్తి నొసగుచుండును. వానిని పగులగొట్టుట యుద్ధోపాయము మాత్రమే. యుద్ధము ముగిసిన పిమ్మట ఆ భంగమునకు స్మృతి లేదు. టెర్రేరియాలో భంగమునకు స్మృతి కలదు. ఆ స్మృతి భూమియందే లిఖింపబడియుండును.

ఇంత గుణము చెప్పిన పిమ్మట దోషమును దాచుట విమర్శధర్మము కాదు. బలియైన గైడు మరల రానేవచ్చును. ఖాళీయిల్లున్నచో, మరియొక పేరుతో మరియొక గైడు వచ్చి అదే ఓపికతో అవే మాటలు బోధించును. ఎవరు చచ్చిరో ఎవరును తలపరు. కొందరు దీనిని వ్యంగ్యమందురు: ఉపకారిని వాడుకొని మరచు లోకరీతి నిట్లు అపహసించినారట. ఈ సమర్థనము మాకు రుచింపలేదు. వ్యంగ్యమునకు ధ్వనించు ఆధారముండవలయును. ఇచట గ్రామస్థులలో నొక్కడైనను పాత గైడును తలచు మాట లేదు. రాతికిచ్చిన స్మృతిని మనుష్యునకీయని ఈ ఔచిత్యభంగమువలన, కరుణమునకు చేరువైన ఘట్టము సామగ్రి సేకరణగా దిగజారినది. శిల చెడినచో నూటికింతయని లెక్క కలదు. మనుష్యుడు చచ్చినచో లెక్క లేదు.

ఇట్టి క్రీడ సాహిత్యశాఖకు విషయమగునా యని శంకించు పెద్దలు కలరు. కావ్యము కానిదానికి కావ్యలక్షణ మంటగట్టుట మా యుద్దేశము కాదు. మా విద్యార్థులు ఇట్టి క్రీడలలో గంటలకొలది గడపుచున్నారు. అచట కూల్చుచున్నారు, ఫలమనుభవించుచున్నారు. ఆ యనుభవమును విమర్శించుటకు వారికి తెలుగున మాట లేకున్నచో, ఆ లోటు వారిది కాదు, మనది. నిషేధము, ఉల్లంఘనము, బలి, ఫలము అను మాటలు జానపద కథాధ్యయనమున మనకు చిరపరిచితములు. వానిని ఇచట ప్రయోగించినప్పుడు కొన్ని సరిపోయినవి, కొన్ని సరిపోలేదు. సరిపోని తావులే పరిశోధకునకు ముఖ్యములు. నిషేధము లేని ఉల్లంఘనమును, సంకల్పము లేని బలిని, స్మృతి లేని మరణమును మన శాస్త్రమెట్లు వ్యవహరింపవలయునో నిర్ణయించుట ఇకపై జరుగవలసిన పని. అందుకు ఈ వ్యాసము ప్రథమ యత్నము మాత్రమే.